జీతం సమానమే, మరి పదోన్నతి ఎందుకు రావడం లేదు?

ప్రశ్న:
మా కార్యాలయంలో ఒకే హోదాలో ఉన్న స్త్రీ పురుషులకు జీతం ఒక్కటే కాబట్టి ఇక్కడ వివక్షకు తావు లేదని యాజమాన్యం అంటుంది. అయితే క్లయింట్లతో మాట్లాడి నిర్ణయాలు తీసుకునే పనులు మగ సహోద్యోగులకే దక్కుతున్నాయి. మీటింగ్ మినిట్స్ రాయడం, కొత్తగా చేరినవారికి పని నేర్పడం, మాట పట్టింపులు వచ్చిన బృందాల మధ్య సయోధ్య కుదర్చడం మా వంతుకు వస్తున్నాయి. అప్రైజల్ ఫారంలో వీటికి ఒక్క గడి కూడా లేదు. ఇది అసమానతేనని పైవారిని ఒప్పించడం ఎలాగో దయచేసి చెప్పండి.

జవాబు 1:
ఇది ముమ్మాటికీ అసమానతేనండి. 1968లో ఇంగ్లండ్‌లోని డాగెన్‌హామ్ ఫోర్డ్ కర్మాగారంలో కారు సీట్ల కవర్లు కుట్టే మహిళలు, తమ పనిని తక్కువ నైపుణ్యం చాలే పనుల జాబితాలో చేర్చినందుకు సమ్మెకు దిగారు. కవర్లు అందక కార్ల తయారీయే ఆగిపోయింది. మంత్రి బార్బరా కాజిల్ జోక్యం చేసుకోవడంతో జీతం పెరిగింది, 1970లో సమాన వేతన చట్టమూ వచ్చింది; ఆ జాబితా మాత్రం 1984లో మరో సమ్మె జరిగితే గాని మారలేదు. జీతం పెంచడానికి కొద్ది వారాల్లో ఒప్పుకున్నవారికి, కుట్టుపనికి నైపుణ్యం కావాలని ఒప్పుకోవడానికి 16 ఏళ్లు పట్టింది! మీ ఫారంలో లేని ఆ గడి కోసమే మీరూ పట్టుబట్టాలి.

జవాబు 2:
పై జవాబుతో ఏకీభవిస్తూనే ఒక మాట కలుపుతాను. 2023లో అర్థశాస్త్రంలో నోబెల్ అందుకున్న క్లాడియా గోల్డిన్ పరిశోధన ప్రకారం, సంపన్న దేశాల్లో స్త్రీ పురుషుల ఆదాయాల్లో తేడా నేడు ఎక్కువగా ఒకే వృత్తిలో ఉన్నవారి మధ్యనే కనిపిస్తుంది, అదీ మొదటి బిడ్డ పుట్టినప్పటి నుంచి పెరుగుతుంది. వేళకాని వేళ ఫోన్ ఎత్తగలిగినవారికే పెద్ద పనులు అప్పగించే చోట, తల్లి అయిన ఉద్యోగిని "ఆమెకు ఇబ్బందేమో" అంటూ కనీసం అడగకుండానే పక్కన పెడతారు. పైకి దయగా కనిపించే ఈ పద్ధతి నాకు అన్నిటికంటే బాధ కలిగిస్తుంది.

జవాబు 3:
గత ఏడాది ఏ పని ఎవరికి, ఎవరి నిర్ణయంతో వెళ్లిందో, ఆ తరువాత ఎవరికి పదోన్నతి వచ్చిందో ఒక పట్టికగా రాయండి. దాన్ని ఒక్కరే కాకుండా నలుగురు కలిసి, సంతకాలతో హెచ్‌ఆర్‌కు ఇవ్వండి. మినిట్స్ రాయడం అందరికీ వంతులవారీగా రావాలనీ, శిక్షణ ఇచ్చిన గంటలను అప్రైజల్‌లో లెక్కించాలనీ అందులోనే అడగండి. నోటిమాటగా ఇచ్చే హామీతో తిరిగి రావద్దు.