సాగర్ డాక్యుమెంటరీలో నాన్నగారు: పాత ఫుటేజ్‌తో వచ్చిన చిక్కు

హిల్‌కాలనీ: నాగార్జునసాగర్ డ్యామ్ కట్టేటప్పుడు మా నాన్నగారు అక్కడ వర్క్ ఇన్‌స్పెక్టర్. ఇప్పుడు 86 ఏళ్లు. కొందరు కుర్రాళ్లు డాక్యుమెంటరీ తీస్తున్నారు, ల్యాప్‌టాప్‌లో పాత న్యూస్‌రీల్ (అప్పట్లో సినిమా హాళ్లలో వేసే వార్తాచిత్రాల) ముక్కలు చూపిస్తాం, చూస్తూ మాట్లాడండి అన్నారు. ముందుగా ఒక క్లిప్ పంపితే ఈయన చూసీ చూడగానే "ఇది మన డ్యామ్ కాదురా" అన్నారు. ఆ మాట వాళ్లకి చెప్తే, నారేషన్ రాసేశాం సర్, ఎవరూ గమనించరు అంటున్నారు. ఏం చెయ్యాలి? ఇంట్లో ఉన్న ఫొటోలు కూడా అడుగుతున్నారు.

కృష్ణగట్టు: నాన్నగారి మాటే నమ్మండి. క్లిప్‌లో క్రేన్ బకెట్లతో కాంక్రీటు పోస్తున్నారా? అలా అయితే భాక్రా లాంటి కాంక్రీటు డ్యామ్ ఏదో అయ్యుంటుంది. సాగర్ రాతికట్టడం కదా, పరంజాల మీద ఆడా మగా బారులు తీరి రాళ్లు మోస్తూ కనిపించాలి. ఇంకో గుర్తు: 1967 ఆగస్టు 4న ఇందిరా గాంధీ కాలవలకు నీళ్లు వదిలారు గానీ, క్రెస్ట్ గేట్ల (డ్యామ్ పైభాగంలో ఉండే గేట్ల) పని పూర్తయింది 1974కి. 26 గేట్లూ కనబడే షాట్ మీద 1967 అని వేస్తే తప్పే.

కత్తెర: నేను ఎడిటర్‌ని, ఈ పాపం మేమూ చేస్తాం. పాత రీలు డబ్బా మీద "డ్యామ్ పనులు" అని ఒక్క ముక్క ఉంటుంది, రేపటికి కట్ ఇవ్వాలి, ఏదో ఒకటి అతికించేస్తాం. కెమెరా తిరుగుతున్నప్పుడే నాన్నగారిని "ఇది సాగర్ కాదు, ఎందుకంటే..." అని చెప్పమనండి, బుర్ర ఉన్న డైరెక్టరైతే ఆ ముక్కే ఉంచుకుంటాడు. వాళ్లు అడిగే ప్రశ్నని ఎడిటింగ్‌లో తీసేస్తారు కాబట్టి "అవును, అప్పుడే" అని కాకుండా పూర్తి వాక్యంలో జవాబు చెప్పాలి. చప్పుళ్లను బట్టి ఏదీ గుర్తుపట్టొద్దు, ఆ రోజుల్లో చాలా రీళ్లు మూగగా తీసి తర్వాత శబ్దం కలిపినవే. సన్న చారల చొక్కా వద్దు, స్క్రీన్ మీద అలల్లా కదులుతుంది.

హిల్‌కాలనీ: క్లిప్‌లో ఉన్నవి బకెట్లేనండీ!

పాతపెట్టె: ఫొటోలు చేతికివ్వకండి, మీరే స్కాన్ చేసి పంపండి. ఈ ఒక్క సినిమాకే వాడతాం అని కాగితం మీద రాయించుకోండి. ప్రభుత్వం 1955లో తీసి విడుదల చేసిన రీలుకి 60 ఏళ్ల కాపీరైట్ ఎప్పుడో తీరిపోయింది, మీ ఇంటి ఫొటోల లెక్క అది కాదు. సంతకం పెట్టమనే రిలీజ్ ఫారం (నాన్నగారి మాటలు, బొమ్మ వాడుకోవడానికి ఒప్పుకున్నట్టు రాసే కాగితం) కూడా ముందురోజే తెప్పించుకుని చదవండి.

హిల్‌కాలనీ: థాంక్సండీ. రేపు పొద్దున్నే వస్తున్నారు. నాన్నగారు మాత్రం చారల చొక్కానే ఇస్త్రీ చేయించి పెట్టుకున్నారు.