స్టెంట్ వేసిన నాన్నకి ఎల్-ఆర్జినిన్ పొడి ఇవ్వచ్చా? డబ్బా మీద "నోబెల్ పరిశోధన" అని ఉంది

తెనాలి_అబ్బాయి
అందరికీ నమస్కారం. మా నాన్నకి 63 ఏళ్లు. రెండు నెలల క్రితం గుండెపోటు వచ్చింది, స్టెంట్ వేశారు. షుగర్ పదేళ్లుగా ఉంది, బీడీ మాత్రం హాస్పిటల్‌లో చేరేదాకా మానలేదు. మా బావ ఆన్‌లైన్‌లో ఎల్-ఆర్జినిన్ అనే పొడి తెప్పించాడు. నీళ్లలో కలుపుకుని రోజూ తాగితే రక్తనాళాలు వదులవుతాయని, మళ్లీ బ్లాకులు రావని అంటున్నాడు. డబ్బా మీద 1998 నోబెల్ బహుమతి పొందిన పరిశోధన ఆధారంగా తయారుచేశామని పెద్ద అక్షరాలతో ఉంది. బావ ప్రేమతో తెచ్చింది కాదనలేను, అలాగని తెలియని వస్తువు నాన్నకి పట్టించలేను. డాక్టర్ గారి దగ్గరికి బుధవారం వెళ్తున్నాం. ఈలోగా తెలిసినవాళ్లు చెప్పండి, చాలా టెన్షన్‌గా ఉంది.

ఫార్మసీ_విజయ
మీ బావ చెప్పినదాంట్లో సైన్స్ ఉంది తమ్ముడూ, కొట్టిపారేయకండి. రక్తనాళం లోపలి గోడకి ఒకే ఒక్క వరస కణాలతో పలచని పొర ఉంటుంది, ఎండోథీలియం అంటారు. అందులోని ఒక ఎంజైము ఆర్జినిన్ అనే అమైనో ఆమ్లం నుంచి నైట్రిక్ ఆక్సైడ్ వాయువు తయారుచేస్తుంది. ఆ వాయువు పక్కనే ఉన్న కండరంలోకి చేరి, కణం లోపల సంకేతం మోసే సైక్లిక్ జీఎంపీ అనే అణువుని పెంచుతుంది, కండరం వదులవుతుంది, నాళం వెడల్పవుతుంది. ముడిసరుకు ఆర్జినినే అని 1988లో లండన్ పక్కన బెకెన్‌హామ్‌లోని వెల్‌కమ్ ల్యాబ్‌లో సాల్వడోర్ మోంకాడా బృందం చూపించింది. 1996లో కొలెస్ట్రాల్ ఎక్కువున్న యువకులకి రోజుకు 21 గ్రాముల చొప్పున నాలుగు వారాలు ఇస్తే చేతి ధమని ముందుకంటే బాగా వెడల్పయింది. ముడిసరుకు ఇస్తే ఉత్పత్తి పెరుగుతుంది. ఇందులో తప్పేముంది?

కొండాపూర్_జిమ్
నేను రెండేళ్లుగా వర్కౌట్‌కి ముందు తాగుతున్నా, పంప్ (కండరాలు ఉబ్బడం) బాగా వస్తుంది. ఏ సమస్యా రాలేదు.

ల్యాబ్_మాస్టారు
ముప్పై ఏళ్లు ఫార్మకాలజీ చెప్పి రిటైరయ్యాను. విజయమ్మా, నువ్వు చెప్పిన రసాయన శాస్త్రం తప్పు కాదు. అక్కడి నుంచి పొడి డబ్బా దాకా వేసిన అడుగునే నేను ఒప్పుకోను. ఎందుకో చెప్పాలంటే ఆ నోబెల్ కథే చెప్పాలి, కాస్త ఓపిక పట్టండి.

న్యూయార్క్ బ్రూక్లిన్‌లో రాబర్ట్ ఫర్చ్‌గాట్ అనే ఆయన కుందేలు బృహద్ధమని ముక్కల మీద ఏళ్ల తరబడి పనిచేశాడు. ఎసిటైల్‌కోలిన్ అనే మందుని బతికున్న జంతువుకి ఎక్కిస్తే బీపీ పడిపోతుంది, అంటే నాళాలు వదులవుతున్నాయన్నమాట. అదే మందు ఆయన ల్యాబ్‌లో కోసిపెట్టిన ముక్క మీద వేస్తే అది బిగుసుకునేది. పాతికేళ్లు ఇంతే. 1978లో ఒకరోజు టెక్నీషియన్ ముందు వేసిన, నాళాన్ని బిగించే మందు కడిగేయకుండానే ఎసిటైల్‌కోలిన్ లాంటిదే అయిన కార్బకాల్ వేశాడు. ఆ ముక్క ఉన్నట్టుండి వదులైంది! ఫర్చ్‌గాట్ దాన్ని పొరపాటని పక్కన పడేయలేదు, తవ్వాడు. తేలిందేమిటంటే, పాత పద్ధతిలో నాళాన్ని మెలికగా పట్టీలాగా కోసేవారు, ఆ క్రమంలో లోపలి పక్క దేనికో ఒకదానికి రాసుకుని పొర ఊడిపోయేది. ఈసారి ఉంగరాల్లాగా కోశారు కాబట్టి పొర మిగిలింది. తర్వాత కావాలనే లోపలి పక్క మెత్తగా రుద్ది చూశాడు, వదులవడం ఆగిపోయింది. ఇంకో అడుగు ముందుకెళ్లి, పొర ఊడిన పట్టీని పొర ఉన్న పట్టీకి ఆనించి పెట్టాడు, అప్పుడు పొర లేని కండరం కూడా వదులైంది. పొరలో ఏదో ఊరి పక్క కండరానికి అందుతోందని అలా తెలిసింది. 1980లో తన సహచరుడు జావాడ్‌స్కీతో కలిసి నేచర్ అనే సైన్స్ పత్రికలో ప్రచురించాడు. ఆ "ఏదో" నైట్రిక్ ఆక్సైడ్ అని తేలడానికి ఇంకో ఏడేళ్లు పట్టింది.

మా ల్యాబ్‌లో ఎలుక బృహద్ధమనితో పిల్లల చేత ఇదే చేయించేవాణ్ణి. రెండు ఉంగరాలు, ఒకదాని లోపల దారం పెట్టి రుద్దేవాళ్లం. బిగించే మందు వేస్తే రెండూ బిగుసుకుంటాయి, తేడా తెలియదు. ఎసిటైల్‌కోలిన్ వేశాక, బిగువుని కాగితం మీద గీసే యంత్రంలో ఒకదాని గీత కిందికి దిగుతుంది, రుద్దినదాని గీత దిగదు. ఉంగరాలు మునిగి ఉండే ఆ ద్రావణంలో ఎంత ఆర్జినిన్ పోసినా రుద్దిన ఉంగరానికి ఆ స్పందన తిరిగి రాదు. నైట్రోప్రుసైడ్ వేస్తే మాత్రం రెండూ వదులవుతాయి, ఎందుకంటే ఆ మందే నైట్రిక్ ఆక్సైడ్‌ని ఇస్తుంది, పొరతో పనిలేదు. ఆ రెండు గీతలు చూసినవాడెవడూ నాళం అంటే ఒట్టి గొట్టం అనుకోలేడు.

షుగర్, పొగ, బీపీ ఉన్న మనిషికి లోపల జరిగేది ఆ రుద్దుడుకి దగ్గరి విషయమే. పొర మొత్తం ఊడిపోకపోవచ్చు, కానీ పనితీరు చెడుతుంది. మిల్లు పాడైతే వడ్లు ఎన్ని బస్తాలు తోలినా బియ్యం రాదు.

ఫార్మసీ_విజయ
మాస్టారూ, మీ ప్రయోగంలో పొర పూర్తిగా పోయింది. ఈయన నాన్నగారికి పొర ఉంది, బలహీనంగా ఉంది, అంతే. బలహీనంగా ఉన్నప్పుడు సరుకు కాస్త ఎక్కువ అందిస్తే సాయమే కదా? ఆ 1996 ఫలితాన్ని మీరు పక్కన పెట్టేశారు.

ల్యాబ్_మాస్టారు
న్యాయమైన ప్రశ్న. పక్కన పెట్టను, అయితే లెక్క చూడు. ఆ ఎంజైము సగం వేగంతో నడవడానికి లీటరుకు 3 మైక్రోమోల్ ఆర్జినిన్ చాలు. మామూలు మనిషి రక్తంలోనే 50 నుంచి 100 దాకా ఉంటుంది, కణం లోపల ఇంకా ఎక్కువ. కరువే లేదు. అయినా కొందరిలో ఆర్జినిన్ ఇస్తే నాళం వెడల్పవుతోంది, ఎందుకో పూర్తిగా తేలలేదు, దీన్నే ఆర్జినిన్ పారడాక్స్ అంటారు. ఒంట్లో ఏడీఎంఏ అనే పదార్థం ఎంజైముకి అడ్డుపడుతుంది, ఆర్జినిన్ ఎక్కువైతే దాన్ని పక్కకి నెడుతుందని ఒక వివరణ. అలా అయితే అది కొందరికే, కొన్నాళ్లకే పనికొస్తుంది.

నన్ను భయపెట్టేది ఇంకోటి. ఆ ఎంజైముకి తోడుగా బీహెచ్4 అనే సహాయక అణువు కావాలి. షుగర్ వల్ల, పొగ వల్ల అది ఆక్సీకరణ చెంది తగ్గిపోతే, అదే ఎంజైము నైట్రిక్ ఆక్సైడ్‌కి బదులు సూపరాక్సైడ్ అనే హానికరమైన పదార్థం తయారుచేస్తుంది. సూపరాక్సైడ్ మిగిలిన కాస్త నైట్రిక్ ఆక్సైడ్‌నీ మింగేస్తుంది. కాపలావాడే దొంగకి తలుపు తీసినట్టు. అక్కడ కొరత ఆర్జినిన్‌ది కాదు.

ఐసీయూ_సిస్టర్
తెనాలి అబ్బాయి, మీరు ముందు ఇది చదవండి, మిగతా చర్చ తర్వాత. మీ నాన్నగారి లాంటివాళ్ల మీదే ఒక ట్రయల్ జరిగింది. అమెరికాలో జాన్స్ హాప్‌కిన్స్‌వాళ్లు మొదటిసారి గుండెపోటు వచ్చిన 153 మందిని తీసుకుని, సగం మందికి మామూలు మందులతో పాటు రోజుకు మూడుసార్లు 3 గ్రాముల ఆర్జినిన్, మిగతావాళ్లకి ఉత్త మాత్రలు ఆరు నెలల పాటు ఇచ్చారు. నాళాల గట్టిదనం తగ్గలేదు, గుండె పంపింగ్ మెరుగుపడలేదు. ఆర్జినిన్ తీసుకున్నవాళ్లలో 6 మంది చనిపోయారు, రెండోవైపు ఒక్కరూ పోలేదు. ట్రయల్‌లోకి కొత్తవాళ్లని తీసుకోవడం ఆపేశారు. 2006లో జామా అనే వైద్య పత్రికలో వచ్చింది. గుండెపోటు తర్వాత ఆర్జినిన్ వద్దని అందులోనే రాశారు.

ఫార్మసీ_విజయ
సిస్టర్, ఆ ట్రయల్ నాకు తెలుసు. 153 మంది చాలా తక్కువ. 6కి 0 అనేది యాదృచ్ఛికం కావచ్చు. 2005లో పోలండ్‌లో దాదాపు 800 మందికి గుండెపోటు వచ్చిన వెంటనే అదే మోతాదు 30 రోజులు ఇచ్చారు, హాని కనపడలేదు.

ఐసీయూ_సిస్టర్
మేలు కూడా గట్టిగా కనపడలేదు కదా మేడమ్. ఒకచోట ఏ తేడా లేదు, ఇంకోచోట ఆరు ప్రాణాలు. మీ ఇంట్లో మనిషైతే ఏ ధైర్యంతో ఇస్తారు? లెక్కల్లో అది యాదృచ్ఛికమే అయినా, లాభం రుజువు కాని వస్తువు కోసం ఆ రిస్క్ ఎందుకు తీసుకోవాలి?

ఫార్మసీ_విజయ
ఈ మాట ఒప్పుకుంటున్నాను. గుండెపోటు తర్వాత రెండు నెలల మనిషికి నేను కూడా ఇవ్వను. ముందు పోస్టులో ఆ ముక్క చెప్పకుండా సైన్స్ ఒక్కటే చెప్పడం నా తప్పు. ఆరోగ్యంగా ఉన్నవాళ్ల విషయంలో మాత్రం నా అభిప్రాయం మారలేదు.

పద్మజ_కాకినాడ
మరి బీట్‌రూట్ జ్యూస్? దాన్లోనూ నైట్రిక్ ఆక్సైడే అంటారు. మా వారి బీపీకి రోజూ ఇస్తున్నాను.

ల్యాబ్_మాస్టారు
అది వేరే దారి తల్లీ, నాకు దాని మీద గౌరవం ఎక్కువ. బీట్‌రూట్, పాలకూర, తోటకూరల్లో నైట్రేట్ ఉంటుంది. అది రక్తంలో కలిసి, లాలాజలంలోకి వచ్చి, నాలుక మీద బ్యాక్టీరియా వల్ల నైట్రైట్ అయి, మళ్లీ మింగాక ఒంట్లో నైట్రిక్ ఆక్సైడ్ అవుతుంది. లోపలి పొర ఎంజైముతో పనిలేదు. 2008లో లండన్‌లో ఆరోగ్యవంతులకి అర లీటరు జ్యూస్ ఇస్తే మూడు గంటల్లోపు పై బీపీ సుమారు 10 పాయింట్లు తగ్గింది. లాలాజలం మింగకుండా ఉమ్మేయించినప్పుడు ఆ తగ్గుదల పోయింది! క్రిములను చంపే మౌత్‌వాష్ వాడినా ఈ దారి దెబ్బతింటుంది. 2015లో బీపీ ఉన్నవాళ్లకే నాలుగు వారాలు రోజూ పావు లీటరు ఇస్తే దాదాపు 8 పాయింట్లు తగ్గింది. బీపీ మాత్ర మాత్రం మాన్పించకు. కిడ్నీలో రాళ్లున్నా, పొటాషియం సమస్య ఉన్నా డాక్టర్ని అడక్కుండా ఇవ్వద్దు.

ఐసీయూ_సిస్టర్
ఇంకో ముఖ్యమైన విషయం. ఛాతీ నొప్పి వస్తే నాలుక కింద పెట్టుకోమని ఇచ్చే సార్బిట్రేట్ కూడా నైట్రిక్ ఆక్సైడ్ ద్వారానే పనిచేస్తుంది. మాస్టారు చెప్పిన రుద్దిన ఉంగరం లాగానే, పొర చెడిన నాళం కూడా దానికి వదులవుతుంది, అందుకే ఆ చిన్న మాత్రకి అంత విలువ. అది వాడేవాళ్లు వయాగ్రా లాంటి మాత్రలు వేసుకోకూడదు. ఒకటి సైక్లిక్ జీఎంపీని పెంచుతుంది, రెండోది అది విరిగిపోకుండా ఆపుతుంది, రెండూ కలిస్తే బీపీ ప్రమాదకరంగా పడిపోతుంది. సిగ్గుపడి దాచి క్యాజువాల్టీ దాకా వచ్చినవాళ్లని చూశాను కాబట్టి అడగకపోయినా చెప్తున్నాను.

కొండాపూర్_జిమ్
మా అమ్మకి కూడా స్టెంట్ ఉంది, నా డబ్బాలోంచి ఒక స్కూప్ ఇస్తుంటాను. ఇవాళ్టి నుంచి ఆపేస్తున్నా. సిస్టర్, థాంక్స్.

తెనాలి_అబ్బాయి
అందరికీ నమస్కారాలు. మాస్టారూ, ఒక్కటి అడగాలి. చెడిన పొర మళ్లీ బాగుపడుతుందా, ఇక అంతేనా?

ల్యాబ్_మాస్టారు
బాగుపడుతుంది నాయనా, ఆశ వదులుకోకు. రక్తం ఒరుసుకుంటూ పారినప్పుడు ఆ ఒరిపిడే పొరకి నైట్రిక్ ఆక్సైడ్ వదలమని సంకేతం. నడిచినప్పుడు పారుదల పెరుగుతుంది, పొరకి పని దొరుకుతుంది. జర్మనీలోని లైప్‌జిగ్‌లో గుండె నాళాల జబ్బున్నవాళ్ల చేత నాలుగు వారాలు రోజూ వ్యాయామం చేయించి, గుండె నాళాల్లోకి ఎసిటైల్‌కోలిన్ ఎక్కించి చూశారు. పొర చెడిన చోట ఆ మందుకి నాళం బిగుసుకుంటుంది, వ్యాయామం తర్వాత ఆ బిగుసుకోవడం బాగా తగ్గింది. 2000లో న్యూ ఇంగ్లండ్ జర్నల్‌లో వచ్చింది. బీడీ మళ్లీ ముట్టుకోనివ్వకు, కొలెస్ట్రాల్ మాత్ర ఒక్క పూట కూడా తప్పనివ్వకు. ఎంత దూరం నడవచ్చో బుధవారం డాక్టర్‌నే అడుగు.

తెనాలి_అబ్బాయి
బుధవారం వెళ్లొచ్చాం. డాక్టర్ గారు డబ్బా చూసి వద్దన్నారు. ఇప్పటికి పొద్దున పదిహేను నిమిషాలు, సాయంత్రం పదిహేను నిమిషాలు చదునుగా ఉన్నచోట నడవమన్నారు. బావకి ఈ చర్చంతా చదివి వినిపించాను, ఏమీ అనుకోలేదు. సాయంత్రం నడకకి నాన్న వెంట తనే వెళ్తున్నాడు.