ఎమినెమ్ పాటల్లో ఉన్నది ప్రాసేనా?

గాజువాక నుంచి ఇంటర్ చదివే తమ్ముడు గ్రూపులో పెట్టిన ప్రశ్న: "ర్యాప్‌లో రైమ్ అంటారు కదా, దాన్ని తెలుగులో ప్రాస అనొచ్చా? మా తెలుగు సార్ అనకూడదంటున్నారు. ఎమినెమ్ పాటలు బాగా విన్నవాళ్ళు ఎవరైనా చెప్పండి."

విన్నాను తమ్ముడూ, ఆ అమెరికా ర్యాపర్ పాటలు ఎంతో ఇష్టంగా విన్నాను. మీ సార్ చెప్పింది నిజమే. అయితే ఎందుకు కాదో తెలుసుకుంటే ఆ పాటలూ ఇంకా బాగా వినిపిస్తాయి, మన పద్యాలూ ఇంకా బాగా వినిపిస్తాయి. అందుకే కాస్త పెద్దగా రాస్తున్నాను, ఓపిగ్గా చదువు.

మన ప్రాస పాదంలో రెండో అక్షరం మీద నిలబడుతుంది. అక్కడ హల్లు మారకూడదు, గుణింతం ఏదైనా కావచ్చు. డ ఉంటే నాలుగు పాదాల్లోనూ డ ఉండాలి. అది డి అయినా, డు అయినా, డె అయినా సరే. ర్యాప్‌లో లెక్క దీనికి పూర్తిగా తలకిందులు. అక్కడ నిలిచేది అచ్చు, జారిపోయేది హల్లు. పాదం చివరే రావాలన్న నియమం కూడా లేదు. మొదట్లో, మధ్యలో, ఎక్కడ పడితే అక్కడ తగులుతుంది. అందుకని దాన్ని ప్రాస అనడం కంటే అచ్చుప్రాస అంటే దగ్గరగా ఉంటుందని నా అభిప్రాయం. ఇది నిఘంటువులో మాట కాదు, మన చర్చ వరకూ వాడుకుందాం.

దీనికి చక్కని సాక్ష్యం ఎమినెమే ఇచ్చాడు. ఇంగ్లీషులో ఆరెంజ్ అనే మాటకు రైమ్ దొరకదని చాలామంది అంటారు. 2010లో 60 మినిట్స్ అనే టీవీ కార్యక్రమంలో ఆండర్సన్ కూపర్‌తో మాట్లాడుతూ ఎమినెమ్ ఆ మాట వింటే తనకు చిరాకని చెప్పి, అక్కడికక్కడే ఫోర్ ఇంచ్, డోర్ హింజ్, స్టోరేజ్, పారిజ్, జార్జ్ అని వరసగా అల్లేశాడు. వాళ్ళ యాసలో ఆరెంజ్ అంటే ఓరింజ్. ఫోరించ్, డోరింజ్, స్టోరిజ్, పోరిజ్ అని పలికి చూడు. ఓ తరవాత ఇ, ఓ తరవాత ఇ. చివరి హల్లు చ అయినా జ అయినా చెవి పట్టించుకోదు. మన యతిమైత్రిలో, అంటే పాదం మొదటి అక్షరానికీ మధ్యలో ఒక అక్షరానికీ కుదిరే పొత్తులో, చ, జ, శ, స లు చుట్టాలవుతాయి కదా, ఆ చుట్టరికం లాంటిదే ఇదీ. అదే కార్యక్రమంలో పెట్టెనిండా కాగితం ముక్కలు చూపించాడు. వాటి మీద మాటలు, మాటల జంటలు, సగం సగం వాక్యాలు. ఎప్పుడో ఒకప్పుడు పనికొస్తాయని దాచుకున్నవి. పదసంపద అనే మాటకు అర్థం నాకు ఆ పెట్టెలో కనిపించింది.

ఇక పాటల్లోకి వస్తాను.

లూజ్ యువర్‌సెల్ఫ్ 2002లో 8 మైల్ సినిమా కోసం రాసింది. ఉత్తమ పాటగా ఆస్కార్ అందుకున్న మొదటి ర్యాప్ పాట అదే, 2003లో. అందరూ దాని ఆవేశం గురించి మాట్లాడతారు. నేను మొదటి చరణంలో చెయ్యి పనితనం గురించి మాట్లాడతాను. వేదిక ఎక్కబోయే కుర్రాడి భయాన్ని చెబుతున్నాడు. అరచేతులకు చెమట, చేతులు బరువు, స్వెటర్ మీద వాంతి, అమ్మ వండిన స్పెగెటీ. ఇప్పుడు ఆ ఇంగ్లీషు మాటలు విను: పామ్స్ - స్వెటీ, ఆర్మ్స్ - హెవీ, మామ్స్ - స్పెగెటీ, కామ్ - రెడీ, బామ్స్ - ఫర్‌గెటిన్. ప్రతి జంటలోనూ మొదట ఆమ్, చివర ఎ-ఈ. రెండు చోట్ల ఒకేసారి కట్టాడు. మనకు యతి ఒక చోట, ప్రాస ఒక చోట పడి పద్యాన్ని రెండు కొసల నుంచి బిగించినట్టు. ఆ బిగింపు ఊరికే రాలేదు. కుర్రాడి మెదడు ఒకే భయం చుట్టూ తిరుగుతోంది, మాటలూ ఒకే ధ్వని చుట్టూ తిరుగుతున్నాయి. తరవాత అతను గొంతు పెగలక నిలబడిపోతాడు. అక్కడ ఈ వరస తెగి వేరే ధ్వని మొదలవుతుంది. ఇంత శ్రద్ధగా కట్టినవాణ్ణి కవి అనడానికి నాకు సంకోచం లేదు.

ద వే ఐ యామ్ అనే పాట గురించి మన గ్రూపులో తప్పకుండా చెప్పాలి. 2000 సంవత్సరంలో వచ్చింది. ఆల్బమ్‌కు ఒక పెద్ద హిట్ కావాలని కంపెనీవాళ్ళు ఒత్తిడి చేస్తున్నప్పుడు విసిగిపోయి రాశాడు. దాని నడక చూడు: రెండు తేలిక, ఒకటి బరువు. మళ్ళీ రెండు తేలిక, ఒకటి బరువు. పాట దాదాపు పొడుగునా ఇదే. మన లెక్కలో ఇది స గణం, అంటే ల ల గు: లఘువు, లఘువు, గురువు. నాలుగు స గణాలు వరసగా వేస్తే ఏ వృత్తం? తోటకం. తెలుగువాళ్ళ ఇళ్ళల్లో పొద్దున్నే సుప్రభాతం తరవాత వచ్చే స్తోత్రం గుర్తు తెచ్చుకో: "కమలాకుచ చూచుక కుంకుమతో". కమలా, కుచచూ, చుకకుం, కుమతో. నాలుగు స గణాలు. శంకరుల శిష్యుడిదని చెప్పే తోటకాష్టకం నడక కూడా ఇదే. వాళ్ళది ఊనికతో, అంటే నొక్కి పలకడంతో లెక్క, మనది మాత్రలతో, అంటే పలికే కాలంతో లెక్క, కాబట్టి రెండూ అచ్చంగా ఒకటే అనను. కానీ బల్ల మీద వేలితో తట్టి చూడు, తాళం కలుస్తుంది. ఒకచోట భక్తి పొంగుతుంది, ఒకచోట కోపం పొంగుతుంది. ఆగకుండా ముందుకు తోసుకుపోయే గుణం ఆ గణంలోనే ఉంది.

ర్యాప్ గాడ్ దగ్గరికి వస్తే నా మాట కొందరికి నచ్చదు. 2013 పాట. 6 నిమిషాల 4 సెకన్లలో 1,560 మాటలు పలికి గిన్నిస్ రికార్డుకెక్కింది. మన కుర్రాళ్ళు చాలామందికి ఎమినెమ్ అంటే ఇదే. వేగంగా పాడే ముక్క వరకే నేర్చుకుని కాలేజీ ఫంక్షన్లలో పాడతారు. నేనూ ఆశ్చర్యపడుతూనే వింటాను. కానీ ఆయన మంచి పాటల్లో దీన్ని మొదటి వరసలో పెట్టను. ఎందుకంటే పోతన గారి ఈ కందం ఒకసారి చదువు. గజేంద్రమోక్షంలో విష్ణువు ఒక్క మాటైనా చెప్పకుండా పరుగున వెళ్ళిపోతుంటే వెనకాల లక్ష్మీదేవి నడక ఇది:

అడిగెద నని కడువడిఁ జను
నడిగినఁ దను మగుడ నుడుగఁ డని నడ యుడుగున్
వెడవెడ సిడిముడి తడఁబడ
నడుగిడు నడుగిడదు జడిమ నడుగిడు నెడలన్

నాలుగు పాదాల్లో 23 డకారాలు. రెండో పాదం చివర, నాలుగో పాదం చివర తప్ప ఎక్కడా గురువు లేదు. ప్రాసస్థానంలో డి, డి, డ, డు. హల్లు కదల్లేదు, అచ్చు మారింది, నేను మొదట చెప్పిన నియమం ఇక్కడ కళ్ళముందే ఉంది. అసలు గొప్పదనం మాత్రం వేగంలో లేదు. అడుగుదామని గబగబా వెళుతుంది, అడిగితే బదులు చెప్పడేమోనని ఆగుతుంది, అడుగు వేస్తుంది, వెయ్యలేదు. ఆమె పాదం తడబడినట్టే మన నాలుకా తడబడుతుంది. ర్యాప్ గాడ్‌లో వేగం తన వేగాన్నే చూపించుకుంటుంది. పోతనలో వేగం ఒక ఆడమనిషి మనసులోని ఊగిసలాటను చూపిస్తుంది. లూజ్ యువర్‌సెల్ఫ్ నాకు ఎక్కువ నచ్చడానికి కారణం కూడా ఇదే.

ఇక అన్నిటికంటే పైన పెట్టేది స్టాన్. అదీ 2000 నాటిదే. ఒక వీరాభిమాని రాసిన ఉత్తరాలు. డైడో పాడిన థాంక్ యూ పాటలోంచి తీసుకున్న పల్లవి, వెనకాల వాన చప్పుడు, కాగితం మీద పెన్సిల్ గీస్తున్న చప్పుడు. మొదటి ఉత్తరంలో ప్రేమ, రెండోదాంట్లో నిష్ఠూరం. మూడోది ఉత్తరం కూడా కాదు, కారు నడుపుతూ క్యాసెట్‌లో రికార్డు చేసిన మాటలు, కేకలు. నాలుగో చరణంలో ఎమినెమ్ తీరిగ్గా, ఆదరంగా జవాబు రాయడం మొదలుపెడతాడు. రాస్తూ రాస్తూ, మొన్న వార్తల్లో చూసిన చావు ఈ కుర్రాడిదేనని అప్పుడు గ్రహిస్తాడు. ఇందులో ప్రాసల ఆర్భాటం లేదు. ఉత్తరం రాసే మామూలు కుర్రాడు ఎలా మాట్లాడతాడో అలాగే ఉంటుంది. అంత్యప్రాసలు ఉన్నాయి కానీ మాట్లాడుతున్నట్టే పడతాయి, వెతికితేగానీ కనపడవు. పెట్టెనిండా మాటలు దాచుకున్న మనిషి వాటిని వాడకుండా చెయ్యి బిగబట్టుకోవడం నాకు ఇక్కడే కనిపిస్తుంది. పాట ఎంతగా జనంలోకి వెళ్ళిందంటే, స్టాన్ అన్న ఆ పేరే అతి అభిమానికి మారుపేరైంది. 2019లో మెరియమ్ వెబ్‌స్టర్ నిఘంటువులో చేరింది కూడా. పాటలోని పాత్ర పేరు భాషలో నామవాచకం అయిపోవడం ఎంతమంది కవులకు దక్కుతుంది? మనకు గిరీశం ఉన్నాడు.

మాకింగ్‌బర్డ్ గురించి ఒక్క మాట. కూతురి కోసం రాసిన పాట, పాత జోలపాట బాణీని ఆసరా చేసుకుని కట్టింది. మెల్లగా ఉంటుంది. పిల్లలున్నవాళ్ళు వినండి.

కింద వచ్చిన కామెంట్లకు కూడా ఇక్కడే జవాబిస్తున్నాను.

సీతమ్మధార నుంచి ఒక అక్క: "ఆయన పాటలనిండా బూతులే కదా, ఆడవాళ్ళను తిట్టడమే కదా. మన గ్రూపులో ఇది అవసరమా?"

అక్కా, మీ బాధ సరైనదే. ఆడవాళ్ళను, ఇంకొందరిని కించపరిచే పాటలు ఆయనవి చాలానే ఉన్నాయి. వాటిని నేను వెనకేసుకు రాను, నేను పేరు పెట్టి మెచ్చుకున్న పాటలన్నీ కూడా ఇంట్లో అందరి ముందూ పెట్టుకునేవి అని అనను. తన తల్లిని పాటల్లో ఎంతగానో నిందించిన ఆ మనిషే 2013లో హెడ్‌లైట్స్ పాటలో ఆమెకు క్షమాపణ చెప్పుకున్నాడు, అదొకటి మాత్రం వినండి. ఇక బూతు ఉందని పక్కన పెడితే మన కవి చౌడప్పనూ పక్కన పెట్టాలి. పది నీతులు, పది బూతులు అని ఆయనే చెప్పుకున్నాడు. ఛందస్సు నేర్చుకునేవాళ్ళు ఆయన కందాలు ఇప్పటికీ చదువుతారు.

విశాలాక్షినగర్ మాస్టారు: "తెలుగులో అంత్యప్రాస ఇంత సులువు కదా, మరి తెలుగు ర్యాప్ ఎందుకు పలచగా అనిపిస్తుంది?"

సులువు కావడమే కారణం మాస్టారూ. మన వాక్యం క్రియతో ముగుస్తుంది. వచ్చాడు, తెచ్చాడు, ఇచ్చాడు, చచ్చాడు అని ఎన్నైనా రాయొచ్చు, ప్రయాస లేదు. ప్రయాస లేనిచోట చెవికి ఆనందమూ లేదు. మన పూర్వులు ప్రాసను పాదం మొదట్లో పెట్టుకోవడం ఈ భాష స్వభావానికి ఎంత బాగా కుదిరిందో అప్పుడప్పుడు అనిపిస్తుంది. తెలుగులో ర్యాప్ రాసే పిల్లలు పాదం చివర కాక మొదట్లో కట్టి చూడాలి. మన విశాఖలో పుట్టిన శ్రీశ్రీ ఉన్నాడు కదా, మహాప్రస్థానం రాసిన చేత్తోనే ప్రాసక్రీడలు, లిమరిక్కులు రాశాడు. సిరిసిరిమువ్వతో కలిపి సిప్రాలి అని పేరు పెట్టిన ఆ పుస్తకం ర్యాప్ రాయాలనుకునే ప్రతి కుర్రాడి చేతిలోనూ ఉండాలి. బీచ్ రోడ్డులో ఆయన విగ్రహం దగ్గర సెల్ఫీ దిగి వెళ్ళిపోతే చాలదు.

గాజువాక తమ్ముడు మళ్ళీ: "అన్నా, మీరు చెప్పినట్టు అచ్చులతో కట్టి చూసాను. ఎలాగుందో సెప్పండి.
గాజువాక దాటినాక
కాలు జారె వానలోన
చాలు మావ, సాకులాపు
పాడు పాట ఊరు ఊగ"

చాలా బాగుంది తమ్ముడూ, మనస్ఫూర్తిగా అంటున్నాను. గాజువా, కాలుజా, చాలుమా, పాడుపా. ప్రతి పాదం ఆ-ఉ-ఆ అని మొదలైంది. మూడు మాత్రల నడక ఎక్కడా తప్పలేదు. మీ సార్‌కు చూపించు, ప్రాస తప్పిందంటారు. జ, ల, ల, డ కాబట్టి అది న్యాయమే. నాలుగో పాదంలో సంధి చెయ్యలేదని కూడా అనొచ్చు, పాడేటప్పుడు అక్కడ ఊపిరి కావాలి కాబట్టి నేనైతే అలాగే ఉంచుతాను.

విశాలాక్షినగర్ మాస్టారు: "ల, డ లకు అభేదం చెబుతారు కదా. ఆ లెక్కన కింది మూడు పాదాలకూ ప్రాస కుదిరినట్టే. గాజువాక ఒక్కటే అడ్డం."

భలే పట్టుకున్నారు మాస్టారూ, నాకు తట్టలేదు. తమ్ముడూ, మొదటి పాదం మార్చి చూడు. జు తీసి లు గానీ డు గానీ పడే మాట, ఆ-ఉ-ఆ చెడకుండా. అది దొరికితే అటు ఎమినెమ్ లెక్కా, ఇటు మన ఛందశ్శాస్త్రం రాసిన అప్పకవి లెక్కా రెండూ కుదిరిన నాలుగు పాదాలు నీ చేతిలో ఉంటాయి. ఊరి పేరు పోతుందని నీకు బాధగా ఉంటే మాత్రం మార్చకు. దొరికితే రాత్రికి ఇక్కడే పెట్టు, అందరం తాళం వేసి చూస్తాం.