కీర్తనల మిక్సింగ్‌కు పెద్ద ప్లగిన్ బండిల్ కొనడం అవసరమా?

ప్రశ్న

అందరికీ నమస్కారం. ఇంట్లోనే గాత్రం, వీణ, మృదంగం వేర్వేరు ట్రాకులుగా రికార్డు చేసి రీపర్ అనే రికార్డింగ్ సాఫ్ట్‌వేర్‌లో మిక్సింగ్ చేస్తున్నాను, అంటే వాటిని సమతూకంగా కలుపుతున్నాను. గాత్రంలో శ, ష, స అక్షరాలు చెవికి గుచ్చుకుంటున్నాయి. మృదంగం జోరందుకున్న చోట సాహిత్యం వినబడడం లేదు. చాలా ప్లగిన్లను (సాఫ్ట్‌వేర్‌కు జతచేసుకునే శబ్ద సాధనాలను) కలిపి అమ్మే ఒక పెద్ద బండిల్ ఇప్పుడు భారీ తగ్గింపు ధరకు దొరుకుతోంది. దానిని కొంటే ఈ ఇబ్బందులు తీరతాయా? మిక్సింగ్ అయ్యాక చివరి మెరుగులు దిద్దే మాస్టరింగ్‌లో శబ్దస్థాయి ఎంతవరకు పెంచవచ్చో కూడా దయచేసి చెప్పగలరు.

మొదటి జవాబు

మీరు చెప్పిన రెండు ఇబ్బందులకూ బండిల్ అవసరం లేదండీ. ఊష్మాక్షరాల తీవ్రత ఎక్కువగా 5 నుంచి 9 కిలోహెర్ట్జ్‌ల మధ్య ఉంటుంది కాబట్టి, రీపర్‌తో పాటే వచ్చే రియాఎక్స్‌కాంప్ అనే కంప్రెసర్‌లో (శబ్దాన్ని బ్యాండులుగా విడదీసి, మితిమీరినప్పుడు తగ్గించే ప్లగిన్) ఆ ఒక్క బ్యాండునే ఆ అక్షరాలు పలికినప్పుడు మాత్రమే మూడు నాలుగు డెసిబెల్స్ తగ్గేలా అమర్చుకోండి. ఉచితంగా దొరికే టీడీఆర్ నోవా అనే ప్లగిన్ ఈ పనిని ఇంకా సున్నితంగా చేస్తుంది. తర్వాతి రికార్డింగులో మైకును నోటికి సూటిగా కాక కొంచెం పక్కకు తిప్పి పెడితే సగం పని అక్కడే అయిపోతుంది.

మృదంగం విషయంలో మాత్రం తొందరపడవద్దు. కంప్రెసర్ అటాక్‌ను (శబ్దం పెరిగాక అది తగ్గించడం మొదలుపెట్టే వ్యవధిని) ఒకటి రెండు మిల్లీసెకన్లకు తగ్గిస్తే కుడివైపు పడే వేళ్ల దెబ్బలోని పదును పోయి, అట్టపెట్టె మీద కొట్టినట్లు వినిపిస్తుంది. అటాక్ 20 నుంచి 30 మిల్లీసెకన్ల దగ్గర ఉంచి, ఎడమవైపు ముఖమైన తొప్పి లోతైన మోత గాత్రానికి అడ్డు వస్తున్న చోట ఈక్వలైజర్‌తో కొద్దిగా తగ్గించండి. అప్పటికీ సాహిత్యం మరుగున పడుతుంటే, ఆ పంక్తుల దగ్గర ఫేడర్ ఆటోమేషన్ రాసుకోవడమే (ట్రాకు శబ్దస్థాయి ఎక్కడికక్కడ దానంతటదే మారేలా అమర్చుకోవడమే) నా దృష్టిలో ఉత్తమమైన మార్గం. ఓపిక కావాలి, కానీ గాయకుడి శ్వాస చెడదు.

రెండవ జవాబు

పై సలహాతో ఏకీభవిస్తున్నాను. అయినా బండిళ్లు వృథా అనలేను. పదుల కొద్దీ ట్రాకులున్న పాటలు చేసేవారికి, ఎస్ఎస్ఎల్ అనే పేరున్న స్టూడియో మిక్సింగ్ కన్సోల్ నమూనాలో చేసిన ఒకే ఛానల్ స్ట్రిప్ (ఈక్వలైజర్, కంప్రెసర్ వంటివి ఒకేచోట ఉన్న ప్లగిన్) అన్ని ట్రాకుల మీదా ఉండడం ఎంతో సమయం మిగులుస్తుంది. కొనే ముందు లైసెన్సు శాశ్వతమైనదా, చందా పద్ధతిలోనిదా అన్నది తప్పక చూడండి. 2023 మార్చిలో ప్లగిన్లు అమ్మే వేవ్స్ సంస్థ శాశ్వత లైసెన్సుల అమ్మకం ఆపి చందాకు మారి, వినియోగదారుల నిరసనతో కొద్ది రోజుల్లోనే వాటిని తిరిగి తెచ్చింది. డెమో తీసుకుని మీ కీర్తన మీదే పరీక్షించండి. ప్లగిన్ ఉన్నప్పుడూ తీసేసినప్పుడూ శబ్దస్థాయి సమానంగా ఉంచి పోల్చండి. లేకపోతే కాస్త బిగ్గరగా వినిపించేదే మంచిదనిపిస్తుంది.

మూడవ జవాబు

మాస్టరింగ్ గురించి: స్పాటిఫై సాధారణంగా పాటలను మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్ (చెవికి వినిపించే బిగ్గరతనపు కొలమానం) స్థాయికి సర్దుతుంది. శబ్దం ఒక హద్దు దాటకుండా ఆపే లిమిటర్‌తో అంతకు మించి బిగ్గరగా నొక్కితే వినేవారికి అదనపు శబ్దం అందదు, ఆలాపనకూ అనుపల్లవికీ మధ్య ఉండవలసిన ఎత్తుపల్లాలు మాత్రం చదునైపోతాయి. ట్రూ పీక్‌ను (శబ్దతరంగం చేరే అత్యధిక శిఖరాన్ని) మైనస్ 1 డెసిబెల్ దాటనివ్వకండి. కొలవడానికి యూలీన్ లౌడ్‌నెస్ మీటర్ ఉచిత వెర్షన్ సరిపోతుంది.