ఎమ్మా కర్క్‌బీ గొంతులో కంపనం ఎందుకు తక్కువ?

ప్రశ్న (నల్లగొండ నుంచి):
నేను బడిలో ఇంగ్లిషు పాఠాలు చెప్తాను. ఎమ్మా కర్క్‌బీ అనే ఇంగ్లండు గాయని పాడిన పాతకాలపు పాశ్చాత్య గీతాలు ఈ మధ్య విన్నాను. ఒపేరా గాయనుల గొంతులో వినిపించే కంపనం ఆమెలో దాదాపు లేకపోవడానికి కారణమేమిటో, ఆమె ఈ రంగానికి ఎలా వచ్చారో పెద్దలు చెప్పగలరా?

జవాబు (మహబూబ్‌నగర్ నుంచి):
అయ్యా, ఆమె కూడా మొదట మీలాగే ఉపాధ్యాయిని. 1949లో పుట్టి, ఆక్స్‌ఫర్డ్‌లో గ్రీకు, లాటిన్ సాహిత్యాలు చదివి, బడిలో పనిచేస్తూ ఇష్టం కొద్దీ బృందగానం చేసేవారు. 1970లలో ఆంథొనీ రూలీ నడిపిన బృందంలో చేరి వృత్తిగాయని అయ్యారు. అక్కడ తోడుండేది ల్యూట్ అనే, వేళ్లతో మీటే పాతకాలపు తంత్రీవాద్యం. దాని తంత్రులు మృదువుగా పలికి త్వరగా ఆరిపోతాయి కనుక, పెద్ద వాద్యబృందాన్ని దాటి వినిపించే, కంపనం నిండిన గొంతు అక్కర్లేదు, సాహిత్యంలోని ప్రతి అక్షరమూ తేటగా అందితే చాలు.

జవాబు (దేవరకొండ నుంచి):
కంపనం బొత్తిగా లేదనడం సరికాదని నా అభిప్రాయం. మనవాళ్లు గమకాన్ని అవసరమైన చోటనే వేసినట్టు, ఆమె దానిని అలంకారంగా వాడతారు. శ్రుతి సంగతి కూడా గమనించండి: బరోక్ సంగీతాన్ని (17, 18 శతాబ్దాల యూరప్ సంగీతం) పాత వాయిద్యాలతో వాయించే బృందాలు ఆధార శ్రుతిని నేటి 440 హెర్ట్జ్‌కు బదులు తరచుగా 415కు పెట్టుకుంటాయి, అంటే సుమారు అర స్వరం తక్కువ. క్రిస్టఫర్ హాగ్‌వుడ్ బృందంతో ఆమె పాడగా 1980లో విడుదలైన, బరోక్ స్వరకర్త హాండెల్ రచన ‘మెస్సయ్య’ వినండి.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలండీ. ఈ ఆదివారమే వింటాను.