రూర్ బొగ్గుకు యుద్ధంలో అంత విలువ ఎందుకు?

ముత్తుకూరు: కృష్ణపట్నం రేవులో దిగే బొగ్గు ఎక్కువగా కరెంటుకే పోతుంది కదన్నా. మరి రెండో ప్రపంచ యుద్ధంలో జర్మనీలోని రూర్ ప్రాంతపు బొగ్గు కోసం అంత పోరెందుకు?

గూడూరు: అక్కడ కోకింగ్ బొగ్గుంది అబ్బయా. గాలి తగలకుండా సుమారు 1000 డిగ్రీలకు కాగబెడితే మెత్తబడి, ముద్దకట్టి, గట్టి కోక్ అవుతుంది. ఆ కోక్, ఇనుము తీసే బ్లాస్ట్ ఫర్నేస్ కొలిమిలో పైనున్న ఇనుప ఖనిజం బరువు మోస్తూనే సందుల్లోంచి గాలి పోనిస్తుంది. కరెంటు బొగ్గయితే నలిగి పొడై గాలిదారి మూసేస్తుంది. ఉక్కు ఆగితే ఫిరంగులూ ఆగినట్టే.

ఒంగోలు: అసలు దెబ్బ రవాణా మీద పడింది. 1944 సెప్టెంబరులో బాంబులకు రూర్ సరుకు మోసే డార్ట్‌మండ్-ఎమ్స్ కాలువ గట్టు తెగి ఆ భాగంలో నీళ్లు పోయాయి, పడవలు కదల్లేదు. రైలు యార్డులూ దెబ్బతిని బొగ్గు గనుల దగ్గరే గుట్టలు పడింది.

గూడూరు: యుద్ధం అయ్యాకా వ్యాగన్ల కొరతే, పైగా ఆకలి. గని కార్మికులకు రేషన్ పెంచాకే తవ్వకం పుంజుకుంది. 1951 పారిస్ ఒప్పందంతో ఆరు దేశాలు బొగ్గు, ఉక్కులను ఉమ్మడి అజమాయిషీ కిందికి తెచ్చాయి.