ఆర్థర్ లీ గురించి లోతుగా చదివినవాళ్లు ఉన్నారా?

అందరికీ నమస్కారం. అమెరికా స్వాతంత్ర్య పోరాటం నాటి ఆర్థర్ లీ మీద తెలుగులో వ్యాసం రాస్తున్నాను. ఒకచోట ఆగిపోయాను, సాయం కావాలి.

లీ 1740లో వర్జీనియాలో పుట్టాడు. 1764లో ఎడిన్‌బరోలో వైద్య పట్టా పుచ్చుకుని, విలియమ్స్‌బర్గ్‌లో కొన్నాళ్లు ప్రాక్టీసు చేసి, అది వదిలేసి లండన్‌లో లా చదివాడు. తర్వాత బెంజమిన్ ఫ్రాంక్లిన్, సైలస్ డీన్‌లతో పాటు ఫ్రాన్స్‌లో అమెరికా రాయబారి. 1778 ఫిబ్రవరి 6న ఫ్రాన్స్‌తో కుదిరిన ఒప్పందాల మీద ఆయన సంతకమూ ఉంది.

నన్ను వదలనిది ఆయన అనుమానాల సంగతి. 1777లో బెర్లిన్‌లో, ఆయన బయటికి వెళ్లినప్పుడు బసలోంచి కాగితాలు పోయాయి. బ్రిటిష్ రాయబారి ఇలియట్ మనుషులు గబగబా నకళ్లు రాసుకుని, ఆ రోజే తిరిగి చేర్చేశారు! ఇంత జరిగినవాడికి అనుమానం రాకుండా ఎలా ఉంటుంది? పారిస్‌లో అమెరికా రాయబారుల దగ్గర కార్యదర్శిగా ఉన్న ఎడ్వర్డ్ బాంక్రాఫ్ట్ బ్రిటిష్ గూఢచారి అని మొత్తుకున్నా ఫ్రాంక్లిన్ చెవిన పెట్టలేదు. వందేళ్ల తర్వాత బ్రిటిష్ పత్రాలు బయటపడి లీ మాటే నిజమని తేలింది. అయినా ఆయన్ని ఇప్పటికీ గొడవల మనిషిగానే చెప్పుకోవడం అన్యాయం అనిపిస్తుంది.

నాకు కావలసింది ఇది: బాంక్రాఫ్ట్ మీద లీ చూపించిన ఆధారాలు ఏమిటి? ఆ రోజుల్లో అన్న రిచర్డ్ హెన్రీ లీకి రాసిన ఉత్తరాలు ఆన్‌లైన్‌లో పూర్తిగా ఎక్కడ చదవొచ్చు? వైద్యం ఎందుకు మానేశాడో ఆయన సొంత మాటల్లో ఎక్కడైనా ఉంటే అదీ చెప్పండి. వర్జీనియాలో ఉంటూ అక్కడి లైబ్రరీల్లో ఇలాంటి పాత కాగితాలు చూసినవాళ్లు ఉంటే, అనుమతి ఎలా తీసుకోవాలో రాస్తే చాలా మేలు చేసినవారవుతారు.